మందబయలు 'ఖాళీ స్థలం' ఎప్పుడైంది?

విభాగం: మన ఊరు, మన వీధి › కృష్ణా, గుంటూరు

కాలువగట్టు
10 నవంబరు 2024, రాత్రి 9:40

అందరికీ నమస్తే. మాది బందరు రోడ్డు వైపు ఊరు. పేరు ఇప్పుడే రాయను, కాగితాలు కదులుతున్నాయి కాబట్టి. నాలుగేళ్ల కిందటి దాకా పంచాయతీ, ఇప్పుడు మునిసిపాలిటీ. ఊరికీ కాలువకీ మధ్య మూడున్నర ఎకరాల బయలు ఉంది. మేం గ్రౌండు అంటాం. మా నాయనమ్మ బతికినన్నాళ్లూ మందబయలు అనే అంది. ఒక పెద్ద నిద్రగన్నేరు, రెండు వేపలు, ఓ మూల సగం కూలిన గోడ, మధ్యలో మా పిచ్.

మొన్న శుక్రవారం గేటుకి ఒక కాగితం అంటించారు. 'సదరు ఖాళీ స్థలమునందు వాణిజ్య సముదాయము నిర్మించు ప్రతిపాదన' అని మొదలవుతుంది. అభ్యంతరాలుంటే తెలపమన్నారు. గడువు తేదీ ఉన్న చోటే కాగితం చిరిగి ఉంది. ఎవరన్నా చించారో, మేక తిందో తెలీదు.

కాంప్లెక్సు సంగతి తర్వాత. నాకు ఒళ్లు మండింది 'ఖాళీ' అన్న మాటకి. ఆ సాయంత్రం అయిదున్నరకి అక్కడే నిలబడి లెక్కపెట్టాను. క్రికెట్ రెండు జట్లు, వాలీబాల్ పది మంది, చుట్టూ నడిచేవాళ్లు ఇరవై పైనే, చెట్టు కింద పేకాట ఒక గుంపు, ఆరు గేదెలు, బట్టలు ఆరేసుకునే రజకులు రెండు కుటుంబాలు, స్కూటీ నేర్చుకుంటున్న ఒకమ్మాయి, వెనక పరిగెడుతున్న వాళ్ల నాన్న. ఇది ఖాళీయా?

అడగదలుచుకున్నది రెండే. ఇలాంటి బయళ్ల పాత సంగతి ఎవరికైనా తెలుసా? ఈ కాగితానికి జవాబు ఎలా రాయాలి?

మూడోస్లిప్
10 నవంబరు, రాత్రి 9:58

అన్నా మన గ్రౌండేనా?? పేరు రాయకపోయినా కూలిన గోడ అనగానే అర్థమైపోయింది. ఆ గోడకి తగిలితే రెండు రన్నులు, దాటితే అవుట్. పదేళ్లుగా అదే రూలు. కాంప్లెక్సు కట్టాక రూలు ఎక్కడ పెట్టుకోవాలి, సెల్లారులోనా?

పాతపటమట
11 నవంబరు, ఉదయం 5:20

బాబూ కాలువగట్టూ, మీ నాయనమ్మ గారి మాటే సరైన మాట. ఇప్పటి పిల్లలకి తెలియదు కనక కాస్త వివరంగా రాస్తాను, ఓపిక పట్టండి.

పొద్దున పాలు పిండటం అయ్యాక ఊళ్లో గొడ్లన్నీ ఒకచోట చేరేవి. ఇంటింటి పశువునీ తోలుకొచ్చి అక్కడ వదిలితే, ఊరి కాపరి మందగా కూర్చి బీటికి తోలుకుపోయేవాడు. సందెవేళ మళ్లీ అక్కడికే తెచ్చేవాడు. ఏ ఇంటి గేదె ఆ సందులోకి దానంతటదే తిరిగేది. మంద నిలిచే బయలు కనక మందబయలు. చెన్నైలో మందవెళి అనే పేట ఉందే, అదీ ఇలా వచ్చిన పేరే. అరవంలో మందై, వెళి. అక్కడ మంద పోయి వందేళ్లు దాటి ఉంటుంది, పేరు మాత్రం బస్సు బోర్డు మీద తిరుగుతోంది.

ఇక మీ కూలిన గోడ. అది రెండు రన్నుల గోడ కాదు నాయనా. నా అంచనా తప్పకపోతే బందెలదొడ్డి. పరాయి చేలో పడి మేసిన గొడ్డుని తెచ్చి అందులో కట్టేసేవాళ్లు. జరిమానా కట్టి విడిపించుకోవాలి. దీనికి 1871లోనే తెల్లవాళ్లు పశువుల అతిక్రమణ చట్టం చేశారు. మా చిన్నప్పుడు మా ఆవు రెండుసార్లు అందులో పడింది. రెండోసారి మా నాన్న నన్నే పంపాడు విడిపించుకు రమ్మని, సిగ్గుతో చచ్చాను. ఆవుకి మాత్రం ఏ సిగ్గూ లేదు, దారిలో మళ్లీ ఇంకోళ్ల జనుములో మూతి పెట్టింది.

మా పటమటలోనూ అలాంటి బయలు ఉండేది. 1985లో పటమట, గుణదల, భవానీపురం పంచాయతీలు, పాయకాపురం, కుందావారి కండ్రిక ఊళ్లు విజయవాడ కార్పొరేషన్‌లో కలిశాయి. కలిసిన రోజున మా ఇంట్లో మిఠాయి పంచుకున్నాం, కుళాయి వస్తుందని. కుళాయి వచ్చింది. బయలు ఎప్పుడు పోయిందో ఎవరూ చెప్పలేరు. ఒకరోజున పోలేదు కదా. ముందు ఒక మూల నీళ్ల ట్యాంకు, అవసరమే. తర్వాత పక్కన ఓ ఆఫీసు గది, అదీ అవసరమే. తర్వాత గది చుట్టూ ప్రహరీ. అలా.

నాలుగోలైను
11 నవంబరు, ఉదయం 8:05

గుంటూరు నుంచి హాజరు. పాతపటమట గారూ, మాకు ఇంకా చక్కగా జరిగింది. మాకు చెరువులకి చెరువులే పోయాయి. నల్లచెరువు అంటే ఇప్పుడు లైన్లు, ఇళ్లు, మెడికల్ షాపులు. వానాకాలం మాత్రం ఆ పేరు ఎందుకు వచ్చిందో వీధే గుర్తు చేస్తుంది. గాంధీ పార్కు ఉంది, బృందావన్ గార్డెన్స్ స్టేడియం ఉంది, పొద్దున్నే నడుస్తాం. కానీ పార్కు వేరు, బయలు వేరు. పార్కుకి వేళలుంటాయి, గడ్డి మీద కూర్చోవద్దని బోర్డుంటుంది. బయలుకి గేటే ఉండదు. కాలువగట్టు గారూ, మీ బయలుకి గేటు ఎప్పుడు పెట్టారు, ఎవరు పెట్టారు? నేనైతే ముందు అది కనుక్కునేవాణ్ణి.

కాలువగట్టు
11 నవంబరు, ఉదయం 8:30

మంచి ప్రశ్న. గేటు మేమే పెట్టించాం. 2019లో రాత్రిపూట లారీలు వచ్చి కూల్చిన ఇళ్ల మట్టి పారబోస్తుంటే, చందాలేసుకుని వెల్డింగ్ షాపులో చేయించాం. మా గేటుకే కాగితం అంటించారు.

సర్వేరాయి
11 నవంబరు, మధ్యాహ్నం 1:15

రెవెన్యూ సర్వే శాఖలో పనిచేసి దిగినవాణ్ణి. పాత కథలు బాగున్నాయి గానీ కథలు చదివి ఎవరూ ఫైలు వెనక్కి తిప్పరు. రికార్డు కావాలి. మీభూమి వెబ్‌సైటులో అడంగల్, అంటే సాగు లెక్క, చూసి ఊరుకోకండి, అది ఇటీవలి మాట. మీకు కావలసింది ఆర్‌ఎస్‌ఆర్. బ్రిటిషు హయాంలో భూములు మళ్లీ కొలిచి శిస్తు మళ్లీ కట్టినప్పుడు రాసిన రిజిస్టరు. కొన్ని చోట్ల డైగ్లాట్ అంటారు, ఇంగ్లీషు తెలుగు రెండింట్లో ఉంటుంది కాబట్టి. ప్రతి సర్వే నంబరుకీ అందులో ఒక వరస ఉంటుంది. ప్రభుత్వ భూమా, రైతు భూమా, పోరంబోకా, విస్తీర్ణమెంత, చివరి గడిలో ఎందుకు వాడతారు.

ఆ చివరి గడిలోనే ఉంది మీ సంగతంతా. 'పోరంబోకు' అనగానే జనం తిట్టు అనుకుంటారు. శిస్తు కట్టించుకోకుండా ఊరి అవసరానికి వదిలిన నేల అని దానర్థం. శ్మశానం, దారి, చెరువు, కళ్లం, మందబయలు అన్నీ పోరంబోకులే. 1994 పంచాయతీరాజ్ చట్టంలో 58వ సెక్షన్ తీసి చూడండి. మేత భూములు, కళ్లాలు, శ్మశానాలు, మందబయళ్లు, బండ్లు నిలిపే చోట్లు, తోపులు, ప్రభుత్వానికి ప్రత్యేకంగా అక్కర్లేనివి, గ్రామ పంచాయతీకి దఖలు పడతాయని ఒక్కో పేరు పెట్టి రాశారు. 'ఖాళీ స్థలం' అనే రకం అందులో లేదు. ఆ మాట ఎవరో టైపు చేసేటప్పుడు పుట్టింది.

తహసీల్దారు కార్యాలయంలో సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. మండల స్థాయిలో రుసుము 5 రూపాయలు. ఆర్‌ఎస్‌ఆర్ నకలు, ఎఫ్‌ఎంబి (గట్టుగట్టుకీ కొలతలు రాసిన పటం) నకలు, గ్రామపటంలో ఆ భాగం, ఈ మూడూ అడగండి. 'ఎందుకు', 'ఎలా' అని అడక్కండి, 'నకలు ఇవ్వగలరు' అని రాయండి. ముప్పై రోజులు. ఈలోగా అభ్యంతరం కూడా రాతపూర్వకంగా ఇచ్చి, ఇచ్చినట్టు ముద్ర వేయించుకోండి. సర్వే నంబరు ఇక్కడ పెట్టొద్దు.

డాబామీద
11 నవంబరు, సాయంత్రం 6:48

అందరూ ఒకే పాట పాడుతున్నారు కాబట్టి నేను అపశ్రుతి. మా డాబా మీంచి ఆ గ్రౌండు కనిపిస్తుంది. పొద్దున నడక, సాయంత్రం ఆట, నిజమే. రాత్రి తొమ్మిది తర్వాత? సీసాలు. తెల్లారేసరికి బిర్యానీ పొట్లాలు, కుక్కలు. వానాకాలంలో పిల్లికూనంత దోమలు. రోడ్డు పక్కన పూలమ్మే ఆవిడకి, చెప్పులు కుట్టేవాడికి నాలుగు షాపులు కట్టిస్తే తప్పేంటి? మందే లేని మందబయలు కోసం ఏడుపు ఎందుకు? ఆ ఆరు గేదెలూ ఒకే ఆయనవి, ఆ మాట కూడా చెప్పుకోండి.

మూడోస్లిప్
11 నవంబరు, సాయంత్రం 6:55

వాణిజ్య సముదాయంలో చెప్పులు కుట్టే ఆయనకి షాపు ఇస్తారా అంకుల్?? అడ్వాన్సు ఎంతో తెలుసా అసలు

ముగ్గుపిండి
11 నవంబరు, రాత్రి 10:30

వంటిల్లు సర్దుకుని వచ్చి చదివాను. ఇంతమంది రాశారు, అందరూ మగవాళ్లే అనుకుంటా. డాబామీద గారు చెప్పిన సీసాల సంగతి అబద్ధం కాదు. మాదీ కాలువ వైపే. మా ఇంటి ముందూ ఇలాంటి గ్రౌండే, పదహారేళ్లుగా చూస్తున్నా. పొద్దున ఆరు నుంచి ఏడున్నర దాకా అది మాది కూడా. ఆ తర్వాత బంతులది. పొద్దు గుంకాక మాది అసలే కాదు. మా పాప షటిల్ ఆడదామని వెళ్తే 'పిచ్ మీద నిలబడకు' అన్నారు. సంక్రాంతికి ముగ్గుల పోటీ పెట్టిన ఆ ఒక్కరోజే మమ్మల్ని మధ్యలోకి పిలుస్తారు.

అందరిదీ అంటున్నారు కదా. అందరిలో మేం ఉన్నామా లేదా? ఒక దీపస్తంభం, ఒక మరుగుదొడ్డి, ఒక మూల అమ్మాయిలకి. ఇవి అడిగే కాగితం మీద అయితే నేనూ సంతకం పెడతా, మా అపార్టుమెంట్ వాళ్లందరి చేతా పెట్టిస్తా. ఉన్నది ఉన్నట్టే ఉంచండి అనే కాగితం మీద మాత్రం పెట్టను.

పాతపటమట
12 నవంబరు, ఉదయం 5:05

అమ్మాయ్, నువ్వడిగినది నిలదీసి అడగాల్సిందే. మా రోజుల్లోనూ తేడా ఏం లేదు. పేడకళ్లు ఎత్తడానికి ఆడవాళ్లు, చెట్టు కింద పంచాయితీకి మగవాళ్లు. నేను నిన్న రాసినదంతా మళ్లీ చదువుకుంటే అందులో ఒక్క ఆడమనిషి లేదు, ఆవు తప్ప.

కాలువగట్టు
12 నవంబరు, ఉదయం 7:15

ముగ్గుపిండి గారూ, ఆ షటిల్ పాప ఎవరో నాకు తెలుసనుకుంటా. గోడ పక్కన అయితే, ఆ మాట అన్నది నేనే అయ్యుండొచ్చు. క్షమించండి. అభ్యంతర పత్రంలో మీ మూడూ రాస్తున్నాను.

పుస్తకాలపురుగు
13 నవంబరు, రాత్రి 9:10

విజయవాడ స్వరాజ్య మైదానం, అదే పీడబ్ల్యూడీ గ్రౌండ్స్, గురించి ఎవరూ ఎత్తకపోతే ఎలా? పీడబ్ల్యూడీ గ్రౌండ్స్ అంటే మా ఇంట్లో జనవరి నెల. 1989 నుంచి మొదలైన పుస్తకాల పండగ అక్కడే ఏళ్లకేళ్లు జరిగింది. దుమ్ము ఎగిరేది, కాళ్లు నొప్పులు పుట్టేవి, చేతిలో సంచి తెగేది, బయటికొచ్చి రైతు బజారులో వంకాయలు కొనుక్కుని ఇంటికి. పుస్తకాలు, వంకాయలు ఒకే సంచిలో. ఎగ్జిబిషన్లు, సర్కసులు, అన్ని పార్టీల సభలూ అక్కడే. దాదాపు 19 ఎకరాలు, బందరు రోడ్డు మీద, ఊరి నడిబొడ్డున. ఇప్పుడు మన పుస్తకాల పండగ ఏటా ఎక్కడా అని వెతుక్కోవాలి.

వాడకట్టు
13 నవంబరు, రాత్రి 9:44

'పోయింది' అన్న అర్థం వచ్చేట్టు రాయకండి. ఈ ఏడాది జనవరి 19న అక్కడ బాబాసాహెబ్ విగ్రహం ఆవిష్కరించారు. 81 అడుగుల పీఠం మీద 125 అడుగుల విగ్రహం. మా నాన్న చెప్పేవాడు, ఊళ్లో మందబయలు కూడా అందరిదీ కాదని. మా వాడ గొడ్లు చివర్న నిలబడేవట. బావి సంగతి సరేసరి. ఇవాళ మా పిల్లలు నడిబొడ్డున తలెత్తి చూసే చోటు ఒకటుంది. ఆదివారం పచ్చిక మీద కూర్చుని అన్నం తింటాం. మీకు పుస్తకాలు దూరమయ్యాయి, నిజమే, నాకూ బాధే, నేనూ కొనేవాణ్ణి. కానీ 'పాత బయలు' అనగానే కళ్లు చెమ్మగిల్లడం అందరికీ కుదరదు.

పుస్తకాలపురుగు
13 నవంబరు, రాత్రి 10:02

మీ మాట ఒప్పుకుంటాను. విగ్రహం మీద నాకు పేచీ లేదు. అంత పెద్ద ఊరికి ఇంకో బయలు ఎక్కడైనా వదిలి ఉంటే బాగుండేదన్నదే నా గోడు.

నిర్వాహకుడు
13 నవంబరు, రాత్రి 10:20

ఈ అంశం మీద పై జవాబు తర్వాత వచ్చిన పదకొండు జవాబులు తీసేశాను. ఏ పార్టీ ఏం చేసిందన్నది ఈ చర్చ కాదు. మిర్చి బజ్జీల బండి ఎక్కడ బాగుంటుందన్నది కూడా కాదు, నాలుగోలైను గారూ.

సింగ్‌నగర్
15 నవంబరు, ఉదయం 11:30

ఇంత సేపూ చదివాను. నాది ఒకే ముక్క. సెప్టెంబరు 1 ఆదివారం తెల్లారి లేచేసరికి బుడమేరు వాగు మా వీధిలో ఉంది. మధ్యాహ్నానికి కింది అంతస్తు పోయింది. మాకు ఎత్తుగా, విడిగా ఉన్న చోటు ఏదీ లేదు, ఫ్లైఓవర్ తప్ప. పడవలు అక్కడికే వచ్చాయి, అన్నం పొట్లాలు అక్కడే దిగాయి, ముసలాళ్లని అక్కడే దించారు. ఊరి మొత్తానికీ ఒక వంతెనే గతి. గండ్లు పూడ్చేసరికి వారం పట్టింది.

మాకు నాలుగో రోజున వచ్చిన పులిహోర పొట్లం మీద బందరు రోడ్డు వైపు ఊరి పేరు రాసి ఉంది. మీ ఊరేనేమో తెలీదు.

కాలువగట్టు
15 నవంబరు, ఉదయం 11:52

మాదే అయ్యుండొచ్చు. ఆ వారం మా గ్రౌండులోనే వండాం. నిద్రగన్నేరు కింద పొయ్యిలు, బందెలదొడ్డి గోడకి ఆనించి బియ్యం బస్తాలు. ట్రాక్టర్లు నేరుగా లోపలికొచ్చేవి. కల్యాణ మండపం అడిగాం గానీ ఆ రోజుల్లో పెళ్లిళ్లున్నాయి అన్నారు. ఇది నేను మొదటి పోస్టులో రాయాల్సింది, తట్టలేదు.

డాబామీద
15 నవంబరు, మధ్యాహ్నం 12:10

ఆ కూరగాయలు తరిగినవాళ్లలో నేనూ ఉన్నాను. అయినా సీసాలు సీసాలే.

సర్వేరాయి
18 నవంబరు, మధ్యాహ్నం 2:40

అభ్యంతరపత్రం నమూనా ప్రైవేటుగా పంపాను. అందులో ఒక తీర్పు ప్రస్తావించాను, ఇక్కడ అందరికీ పనికొస్తుంది. 2011 జనవరి 28, జగ్‌పాల్ సింగ్ కేసు, సుప్రీంకోర్టు. పంజాబులో పటియాలా జిల్లా, ఒక ఊరి చెరువు పూడ్చి కొందరు ఇళ్లు కట్టుకున్నారు. ఖర్చు పెట్టి కట్టారు కాబట్టి వెల కట్టి వాళ్లకే ఇచ్చేద్దామని కలెక్టరు. కుదరదంది కోర్టు. ఊరి ఉమ్మడి భూముల ఆక్రమణలు తొలగించే పథకాలు తయారు చేయండని అన్ని రాష్ట్రాలకీ చెప్పింది. ఎన్నాళ్లుగా ఉంటున్నారు, ఎంత ఖర్చు పెట్టారు, ఎవరి అండ ఉంది అన్నవి సాకులు కావంది.

ఈ కత్తికి రెండు వైపులా పదునుంటుందని మాత్రం గుర్తుపెట్టుకోండి. 'ఆక్రమణ' అని మీరు పైకెత్తిన వేలు ఎటు తిరుగుతుందో చూసుకుని ఎత్తండి.

ఇంకోటి, నిద్రగన్నేరు జోలికి ఎవరైనా వస్తే 2002 వాల్టా (నీరు, భూమి, చెట్లు) చట్టం కింద అనుమతి కాగితం చూపమని అడగండి.

మూడోస్లిప్
24 నవంబరు, మధ్యాహ్నం 12:30

మేం ఇవాళ గ్రౌండు కొలిచాం!!! తాడుతో. టేపు లేదు, అందుకే పిచ్‌ని కొలతగా పెట్టుకున్నాం. పొడవు తొమ్మిదిన్నర పిచ్‌లు, వెడల్పు మూడున్నర పిచ్‌లు. ఇప్పుడు దీన్ని ఎకరాల్లోకి ఎలా మార్చాలి సర్వేయర్ గారూ? గూగుల్ ఏదో చెప్తోంది గానీ నమ్మబుద్ధి కావట్లేదు.

సర్వేరాయి
24 నవంబరు, మధ్యాహ్నం 1:05

ఒరేయ్ నాయనా, తెలిసి చేశావో తెలియక చేశావో గానీ నువ్వు పట్టుకున్నది మా వృత్తి మూలాన్నే. స్టంపు నుంచి స్టంపుకి 22 గజాలు. మేం ముప్పై ఏళ్లు పొలాల మీద లాగిన గొలుసు పొడవూ 22 గజాలే, 66 అడుగులు, నూరు లింకులు. ఒక గొలుసు వెడల్పు, పది గొలుసుల పొడవు అంటే 4,840 చదరపు గజాలు. అదే ఎకరం. చదరపు గొలుసు అంటే పది సెంట్లు.

నీ లెక్క: తొమ్మిదిన్నరని మూడున్నరతో హెచ్చిస్తే 33.25 చదరపు గొలుసులు. మూడు ఎకరాల ముప్పై రెండున్నర సెంట్లు.

దాన్ని గంటర్ గొలుసు అంటారు, ఎడ్మండ్ గంటర్ అనే ఇంగ్లీషు ఆయన 1620లో తయారు చేశాడు. సర్వీసులో చేరిన కొత్తలో నేను గుంటూరు గొలుసు అనుకునేవాణ్ణి.

నాలుగోలైను
24 నవంబరు, మధ్యాహ్నం 1:11

మాదే. రాసుకోండి.

ముగ్గుపిండి
24 నవంబరు, మధ్యాహ్నం 3:20

తాడు రెండో కొస పట్టుకున్నది మా పాపట. మేం గ్రౌండు అవతలి వైపే ఉంటామని ఇప్పుడు ఒప్పుకోక తప్పదు. ఇంటికొచ్చి ముప్పావుగంట గొలుసుల లెక్క చెప్పింది. బడిలో చెప్తే వినదు.

కాలువగట్టు
19 డిసెంబరు, రాత్రి 8:15

నకళ్లు వచ్చాయి. ముప్పై రోజులకి రెండు రోజులు తక్కువ. అభ్యంతరాలు 212 సంతకాలతో అప్పుడే ఇచ్చేశాం, ముద్ర కూడా వేయించుకున్నాం.

ఆర్‌ఎస్‌ఆర్ చివరి గడిలో చేతిరాత, కొక్కిరిబిక్కిరిగా: 'మందబయలు'. పక్కన చిన్న గీత కింద 'బందెలదొడ్డి'. పాతపటమట గారూ, మీరు కనపడితే కాళ్లకి దణ్ణం పెడతాను. ఖాళీ అన్న మాట ఎక్కడా లేదు.

విస్తీర్ణం 3 ఎకరాల 60 సెంట్లు.

పాతపటమట
20 డిసెంబరు, ఉదయం 5:00

దణ్ణం మీ నాయనమ్మ గారికి పెట్టు.

డాబామీద
20 డిసెంబరు, ఉదయం 9:25

3.60 అని రికార్డు. పిల్లలు కొలిస్తే 3.32. మిగతా పాతిక సెంట్ల పైచిలుకు ఏ మేక తిందో?

సర్వేరాయి
20 డిసెంబరు, మధ్యాహ్నం 1:30

తాడు సాగుతుంది, మూలలు వంకరగా ఉంటాయి. పిల్లల కొలత సాక్ష్యం కాదు. కానీ ఇరవై ఏడు సెంట్లంటే 1,300 గజాల పైమాట. అంత సాగే తాడు నేనెప్పుడూ చూడలేదు. ఎఫ్‌ఎంబి నకలు వచ్చింది కదా, అందులో ప్రతి గట్టు మీదా లింకుల అంకెలుంటాయి. ఏ వైపు తగ్గిందో పట్టుకోవడం కష్టం కాదు. కాలువ వైపు రాళ్లు ఉన్నాయేమో చూడండి.

కాలువగట్టు
22 డిసెంబరు, రాత్రి 11:10

చూశాం. కాలువ వైపు రాయి ఉంది, అంగుళం కదల్లేదు. రోడ్డు వైపు కొంత తారు కిందకి పోయింది, అది ఊరి రోడ్డే. తూర్పు వైపు రాయి కనపడలేదు. ఎఫ్‌ఎంబి అంకెల ప్రకారం అది ఉండాల్సిన చోట ఒక ప్రహరీ గోడ ఉంది, లోపల గడ్డివాము, రేకుల షెడ్డు.

అది మా బాబాయి గారిది.

ఆరు గేదెలూ ఒకే ఆయనవని డాబామీద గారు మొదట్లోనే అన్నారు. అవీ బాబాయివే. రెండు రోజుల నుంచి ఇది రాయాలా వద్దా అని ఆలోచిస్తున్నాను. అభ్యంతర పత్రంలో మొదటి సంతకం నాది, రెండోది ఆయనది.

వాడకట్టు
22 డిసెంబరు, రాత్రి 11:35

రాశావు, అది చాలు ఈ రాత్రికి. పడుకో తమ్ముడూ.

ముగ్గుపిండి
23 డిసెంబరు, ఉదయం 6:10

పిన్నిగారితో మాట్లాడారా? మా ఇళ్లలో గోడలు జరిపేది మగవాళ్లు గానీ, ఎక్కడిదాకా జరిగిందో లెక్క ఆడవాళ్ల దగ్గర ఉంటుంది.

కాలువగట్టు
5 జనవరి 2025, రాత్రి 9:00

చాలా మంది ప్రైవేటుగా అడుగుతున్నారు కాబట్టి.

పిన్నితో మాట్లాడాను. 'ఆ రాయి నాకు తెలుసు, దాని మీదే రోలు పెట్టుకున్నాం' అంది. రోలు జరిపితే కింద రాయి ఉంది. బాబాయి మూడు రోజులు మాట్లాడలేదు. నాలుగో రోజు, 'మా నాన్న కట్టిన గోడ, నేను కాదు' అన్నాడు. తర్వాత 'షెడ్డు వేసవి దాకా ఉండనివ్వు, గేదె చూలుతో ఉంది' అన్నాడు. సర్వేయర్ గారిని అడిగితే, అది నువ్వూ మీ బాబాయీ తేల్చుకునేది కాదు, అధికారికంగా హద్దులు కొలిపించమని దరఖాస్తు పెట్టండి అన్నారు. పెట్టాం. దరఖాస్తు మీద బాబాయి కూడా సంతకం పెట్టాడు, నా మొహం చూడకుండా.

కాంప్లెక్సు సంగతి ఏమీ తేలలేదు. 'పరిశీలనలో ఉన్నది' అన్న ఒక్క ముక్క వచ్చింది. ఆ కాగితంలో మాత్రం 'సదరు మందబయలు స్థలమునందు' అని రాశారు.

పుస్తకాలపురుగు
5 జనవరి, రాత్రి 9:20

మాట మారింది కదా. ఇందిరాగాంధీ స్టేడియంలో పుస్తకాల పండగ నడుస్తోంది, వచ్చే ఆదివారం వస్తే టీ నాది.

మూడోస్లిప్
11 జనవరి, సాయంత్రం 7:40

భోగి సోమవారం. మంట పిచ్ మీద వెయ్యొద్దని నేను గొడవ పెట్టుకుంటే, ముగ్గుపిండి ఆంటీ వాళ్లు గోడ పక్కన వేద్దామన్నారు. గోడ పక్కన అమ్మాయిల షటిల్ కోర్టుకి సున్నం గీతలు గీసేశాం కదా మరి. చివరికి తూర్పు వైపు, కాలువగట్టు అన్న వాళ్ల బాబాయి షెడ్డు ముందు అని తేలింది. గడ్డివాము ఉంది జాగ్రత్త అని ఆయన రెండు డ్రమ్ముల నీళ్లు పెట్టించాడు. పాత కుర్చీలు, విరిగిన తలుపులు ఉన్నవాళ్లు ఆదివారం రాత్రి పదిలోపు తెచ్చి పడేయండి. టైర్లు తేవద్దు.